సిఫారసు జాబులు: అమెరికా తొలినాళ్ల ప్రాపక లేఖలపై ఒక పరిశీలన

‘సిఫారసు’ అనే మాట పారసీకం నుండి ఉర్దూ మీదుగా తెలుగులోకి వచ్చి స్థిరపడిన మాట. అర్జీ, దరఖాస్తు, నౌకరీ, జవాబు మున్నగునవి కూడ ఆ త్రోవనే వచ్చాయి. అంతకు ముందే మన భాషలో విన్నపం, కొలువు, ప్రాపు, అండ అనే మాటలు ఉండనే ఉన్నాయి. ఒకరిని ఆశ్రయించి మేలు కోరుకొనే పనికి రెండు భాషలలోనూ పదసంపదకు లోటు లేదన్నమాట. మహాకవి గాలిబు తన కుటుంబపు పింఛను కోసం ఢిల్లీ నుండి కలకత్తా దాకా ప్రయాణం చేసి, 1828లో కంపెనీ ప్రభుత్వం ఎదుట అర్జీ పెట్టుకొన్న సంగతి మన ఉర్దూ విద్యార్థులు ఎరిగినదే. కవులు కృతిభర్తలను వెదకుకొంటూ సంస్థానాల వెంట తిరిగిన కథలు మన తెలుగు విద్యార్థులు ఎరిగినవే. రాజులూ నవాబులూ ఉన్నచోట ఆశ్రితులుండడం వింత కాదు. రాజును కాదనుకొని, మానవులందరూ సమానులని 1776లో ప్రకటించుకొన్న దేశంలో ఈ ఆశ్రయపు జాబులు ఏమయ్యాయి? ఈ ప్రశ్నతోనే మేము అమెరికా తొలినాళ్ల లేఖలను చదవడానికి పూనుకొన్నాము.

చరిత్ర పాఠ్యగ్రంథాలలో ఈ లేఖలకు చోటు తక్కువ. బోస్టను తేనీటి ఉదంతం, స్వాతంత్ర్య ప్రకటన, రాజ్యాంగ సభ – ఇవి పరీక్షలలో వస్తాయి గనుక విద్యార్థులు చదువుతారు. రేవుపట్టణంలో పన్నులు వసూలు చేసే ఉద్యోగం కోసం ఒక యుద్ధవీరుడు వ్రాసుకొన్న జాబు పరీక్షలో రాదు. కాని ప్రభుత్వం అనేది సామాన్యుని గడపకు ఎట్లా చేరిందో తెలియాలంటే ఆ జాబునే చదవాలని మా అభిప్రాయం. వాషింగ్టన్ అధ్యక్షుడుగా ఉన్న కాలంలో ఉద్యోగాల కోసం వచ్చిన అర్జీలకూ సిఫారసులకూ ఒక పట్టిక తయారు చేసి 1901లో ప్రచురించారు. అది ఒక పూర్తి గ్రంథమైంది.

ముందుగా జాబు యొక్క బాహ్యరూపాన్ని గురించి కొంచెం చెప్పుకోవాలి. ఆనాడు కవరు లేదు. వ్రాసిన కాగితాన్నే మడిచి, వెలుపలి మడత మీద చిరునామా వ్రాసి, లక్కతో ముద్ర వేసేవారు. తపాలా రుసుము సాధారణంగా పంపినవారు కాక అందుకొన్నవారే చెల్లించేవారు. 1792 నాటి తపాలా చట్టం ప్రకారం ఒక్క కాగితపు జాబుకు 30 మైళ్లలోపు 6 సెంట్లు, 450 మైళ్లు దాటితే 25 సెంట్లు. రెండవ కాగితం చేరిస్తే రుసుము రెట్టింపు. కూలివానికి ఇది తేలికైన మొత్తం కాదు. అయితే అధ్యక్షునికీ, కాంగ్రెసు సభ్యులకూ ఉచితంగా జాబులందుకొనే హక్కు ఉండేది. కనుక మిత్రునికి జాబు వ్రాస్తే మిత్రునికి ఖర్చు, అధ్యక్షునికి జాబు వ్రాస్తే ఎవరికీ ఖర్చు లేదు. అర్జీలు వెల్లువెత్తడానికి ఆకలీ ఆశా మూలకారణాలైనా, ఈ చిన్న వెసులుబాటు కూడ కొంత తోడ్పడి ఉంటుందని మేము తలుస్తున్నాము.

ఇక భాష. ఆనాటి ఇంగ్లీషులో ‘ఫ్రెండ్’ అనే మాటకు నేటి స్నేహితుడనే అర్థం మాత్రమే కాదు. అన్నదమ్ములు, మామలు, పోషకులు, మన కోసం ఒక మాట చెప్పగలిగిన పెద్దలు – అందరూ ఆ మాట క్రిందికే వస్తారు. ‘ఇంటరెస్ట్’ అంటే వడ్డీ కాదు, ఆసక్తి కాదు, పలుకుబడి. “మీ ఇంటరెస్టును నా కోసం వినియోగించండి” అంటే “మీ పలుకుబడి ఉపయోగించి నాకీ పని చేసిపెట్టండి” అని భావం. ఈ రెండు మాటల పాత అర్థాలు తెలియక చదివితే లేఖ మొత్తం తప్పుగా బోధపడుతుంది. ఇంగ్లీషు సాహిత్యం చదివే మన విద్యార్థులు దీనిని గుర్తుంచుకొంటే నవలల పఠనంలోనూ ఉపకరిస్తుంది. చేయి తిరగనివారికి జాబులు ఎట్లా వ్రాయాలో నేర్పడానికి శామ్యూల్ రిచర్డ్‌సన్ 1741లో నమూనా లేఖల సంపుటి ఒకటి ప్రచురించాడు. ఆ పనిలో ఉండగానే అతనికి ‘పమేలా’ నవల స్ఫురించింది. అట్టి నమూనా పుస్తకాలు అట్లాంటిక్‌కు ఇవతలా అవతలా విరివిగా అమ్ముడయ్యేవి.

అర్జీ జాబుకు ఒక నడక ఉన్నది. మొదట, తమ విలువైన కాలాన్ని హరిస్తున్నందుకు క్షమాపణ. ఆ తరువాత, ఇట్లా అడగడం తన స్వభావం కాదనీ, పరిస్థితులు ఈ స్థితికి తెచ్చాయనీ విన్నవించడం. పిమ్మట సేవలు, నష్టాలు, పెద్ద కుటుంబం. ఇద్దరికీ తెలిసిన పెద్దమనిషి పేరు ఒకటి మధ్యలో మెరుస్తుంది. చివర ‘తమ మిక్కిలి విధేయుడైన, వినయశీలుడైన సేవకుడు’ అనే ముగింపు. ఈ చివరి వాక్యాన్ని చూసి ఎవరు ఎవరికి లోబడి ఉన్నారో నిర్ణయించబోతే పొరపడతాము. నిరాకరిస్తూ వ్రాసిన జాబు క్రింద కూడ వాషింగ్టన్ అదే విధంగా ‘విధేయ సేవకుడు’ అని సంతకం చేసేవాడు. లేఖలోని అసలు బరువు ముగింపులో లేదు, మధ్యలో మెరిసే ఆ పేరులో ఉన్నది.

వలస రాజ్యాల కాలంలో పదవుల మూలం లండనులో ఉండేది. న్యూకాజిల్ ప్రభువు 1724 నుండి 1748 వరకు మంత్రిగా ఉండి అమెరికా వలసలలోని నియామకాలను తన చేతిలో ఉంచుకొన్నాడు. అంతటి మంత్రిని నేరుగా ఎరిగినవారు వలసలలో కొద్దిమందే. ఎరిగినవానిని ఎరిగినవానికి వ్రాయాలి. బెంజమిన్ ఫ్రాంక్లిన్ వంటివాడు కూడ 1751లో లండనులోని తన మిత్రుడు పీటర్ కాలిన్సన్‌కు జాబు వ్రాసి, అమెరికా తపాలాశాఖలో ఉన్నతోద్యోగం ఖాళీ కాబోతున్నదనీ, అది తనకు లభించేటట్లు చూడవలసినదనీ కోరాడు. 1753లో విలియం హంటరుతో పాటు సహాధికారిగా ఆ పదవి దక్కింది. తపాలాను అతడు ఎంత సమర్థంగా నడిపాడో లోకం ఎరుగును. 1774లో రాజకీయ కారణాల వల్ల అతనిని తొలగించినప్పుడు, ఇచ్చిన చేయి తీసుకోగలదని అతనికి తెలిసివచ్చింది.

నిజానికి ఆ పాఠాన్ని అతడు పద్దెనిమిదవ ఏటనే నేర్చుకొన్నాడు. తన ఆత్మకథలో ఆ ఉదంతాన్ని తానే వివరించాడు. పెన్సిల్వేనియా గవర్నరు సర్ విలియం కీత్ ఆ కుర్రవాని తెలివితేటలు మెచ్చి, స్వంతంగా ముద్రణాలయం పెట్టిస్తానని మాట ఇచ్చాడు. లండను వెళ్లి అచ్చుయంత్రమూ అక్షరాలూ కొనుక్కొని రమ్మన్నాడు. అప్పు పుట్టడానికి హామీ పత్రాలు, పెద్దలకు సిఫారసు జాబులు వ్రాసి ఇస్తానన్నాడు. జాబుల కోసం వెళ్లినప్పుడల్లా రేపు రమ్మన్నారు. చివరకు ఓడ మీదికే పంపుతామన్నారు. 1724లో ఓడ కదిలింది. ఇంగ్లండు సమీపించాక కెప్టెను తపాలా సంచి విప్పి వెదకుకోనిచ్చాడు. తన పేరిట ఒక్క జాబూ లేదు. చేతివ్రాతను బట్టి గవర్నరువి కావచ్చునని ఆరేడు జాబులు ఏరుకొని, అందులో ఒకదానిని లండనులో కాగితాల వర్తకునికి అందించాడు. వర్తకుడు విప్పి చూసి, ఇది గవర్నరు జాబు కాదు, రిడిల్స్‌డెన్ అనే వంచకునిది, వానితోగాని వాని జాబులతోగాని నాకు పనిలేదని తిప్పి ఇచ్చివేశాడు. తోటి ప్రయాణికుడైన డెన్‌హమ్ అనే వర్తకుడు అప్పుడు అసలు సంగతి చెప్పాడు: గవర్నరుకు మార్కెట్టులో చిల్లిగవ్వ పరపతి కూడ లేదు, ఇక ఇతరులకు హామీ ఏమి ఇస్తాడు! ఎవరినీ నొప్పించలేక అందరికీ ఆశలు పంచిపెట్టే మనిషి ఆయన అని ఫ్రాంక్లిన్ పెద్దతనంలో తీర్మానించాడు. అంతటి మోసం చేసిన మనిషిని గురించి అంత మెత్తగా వ్రాయగలగడం అతనికే చెల్లింది. పరాయి నగరంలో చేతిలో డబ్బు లేక మిగిలిన ఆ బాలుడు అచ్చుకూటంలో కూలికి కుదిరి, 1726లో గాని తిరిగి రాలేకపోయాడు.

వాషింగ్టన్ మాట ఏమి? నిష్కామ సేవకు ఉదాహరణగా మనం చదువుకొనే ఆ మహనీయుడు యౌవనంలో గట్టి అర్జీదారుడే. వర్జీనియా సేనలో అధికారిగా ఉంటూ, బ్రిటిషు రాజసైన్యంలో శాశ్వతమైన కమిషను కోసం ఎన్నో ప్రయత్నాలు చేశాడు. 1757 జనవరిలో సేనాధిపతి లౌడన్ ప్రభువుకు చాలా పొడవైన జాబు వ్రాశాడు. అందులో ఒక నేర్పును విద్యార్థులు గమనించాలి. జనరల్ బ్రాడక్ జీవించి ఉంటే తాను కోరినంత ఉన్నతి లభించేదని అతడు వ్రాశాడు. బ్రాడక్ 1755లోనే యుద్ధంలో గాయపడి మరణించాడు. చనిపోయిన పోషకుని మాటను కాదనేవారెవరు? వాషింగ్టన్ ఫిలడెల్ఫియాకు స్వయంగా వెళ్లి లౌడన్‌ను చూశాడు. కమిషను మాత్రం రాలేదు. వచ్చి ఉంటే అమెరికా చరిత్ర ఎట్లా ఉండేదో ఊహించడం మా పని కాదు.

సిఫారసులన్నీ వ్యర్థమని చెప్పడానికి వీలులేదు. 1774లో లండనులో ఉన్న ఫ్రాంక్లిన్ తన అల్లుడు రిచర్డ్ బాష్‌కు ఒక చిన్న జాబు వ్రాశాడు. దీనిని తెచ్చే యువకుడు యోగ్యుడని నాకు చెప్పారు, గుమాస్తాగానో బడిలో సహాయోపాధ్యాయుడుగానో సర్వేయరుకు సహాయకుడుగానో ఏదైనా పని చూపించమని దాని సారాంశం. ఆ ‘యువకుని’కి అప్పటికే ముప్పదియేడేళ్లు, ఉద్యోగం పోగొట్టుకొని, భార్యతో విడిపోయి, అప్పులలో మునిగినవాడు. పేరు థామస్ పెయిన్. 1776 జనవరిలో అతడు వెలువరించిన ‘కామన్ సెన్స్’ అనే కరపత్రం వలస ప్రజలను స్వాతంత్ర్యం వైపు త్రిప్పింది. బడిపంతులుకు సహాయకుడుగా పనికి వస్తాడని వ్రాసిన సిఫారసు ఇంతటి ఫలితానికి దారితీయడం ఒక విడ్డూరం.

1776 చివర ఫ్రాంక్లిన్ రాయబారిగా పారిస్ చేరాడు. ఇప్పుడు అతడే పోషకుడు. యూరపులో పనిలేని సైనికాధికారులందరూ అమెరికా సేనలో పెద్ద పదవుల కోసం అతని వాకిట నిలబడ్డారు. విసిగిపోయి 1777 ఏప్రిల్‌లో ఒక నమూనా సిఫారసు జాబు తయారు చేసి పెట్టుకొన్నాడు. అందులోని భావం ఇది: ఈ జాబు తెచ్చేవారు నన్ను సిఫారసు అడుగుతున్నారు, వీరిని గురించి నాకేమీ తెలియదు, పేరు సైతం తెలియదు, ఒక అపరిచితుడు మరొక అపరిచితుని సిఫారసు చేస్తాడు, ఒక్కొక్కప్పుడు వారు ఒకరినొకరు సిఫారసు చేసుకొంటారు, వీరి గుణగణాలు నాకంటె వీరికే బాగా తెలుసు గనుక వీరినే అడిగి తెలుసుకోండి. పరిహాసం పక్కన పెడితే, సిఫారసు అనే వ్యవస్థపై ఇంతకంటె సూటియైన విమర్శను మేము చదివి ఉండలేదు.

అయినా అదే సంవత్సరం సెప్టెంబరులో అతడూ సహరాయబారి సైలస్ డీన్‌తో కలిసి వాషింగ్టన్‌కు మరొక జాబు పంపారు. దానిని తీసుకువెళ్లిన ఫాన్ స్ట్యూబెన్‌ను ప్రష్యా రాజు సేనలో లెఫ్టినెంట్ జనరల్‌గా పనిచేసినవాడని అందులో వర్ణించారు. వాస్తవానికి అతడు అక్కడ కెప్టెను మాత్రమే. 1778 ఫిబ్రవరిలో వ్యాలీ ఫోర్జి శిబిరం చేరి, చలికీ ఆకలికీ చిక్కిన సేనకు కవాతు నేర్పి, దానిని నిజమైన సైన్యంగా తీర్చిదిద్దాడు. అబద్ధపు హోదా, నిజమైన యోగ్యత – రెండూ ఒకే కాగితంలో ప్రయాణం చేశాయి. దీనిని సమర్థించాలో ఖండించాలో మా ఉపాధ్యాయ మిత్రులలో ఏకాభిప్రాయం కుదరలేదు.

పైన చెప్పినవారందరూ ఏదో ఒక అండ ఉన్నవారు. అండ లేనివారి జాబులు వేరు. ఫిలిస్ వీట్లీ ఆఫ్రికాలో పుట్టి, ఏడెనిమిదేళ్ల వయసులో, 1761లో బోస్టనులో బానిసగా అమ్ముడుపోయిన బాలిక. యజమానుల ఇంట ఇంగ్లీషూ లాటినూ నేర్చి కవిత్వం వ్రాసింది. నల్లజాతి బానిసపిల్ల ఇంతటి కవిత్వం వ్రాసిందంటే నమ్మేవారు లేకపోవడం వల్ల, ఇవి ఆమె వ్రాసినవేనని బోస్టను పెద్దలు పద్దెనిమిదిమంది ధ్రువీకరణ పత్రం ఇవ్వవలసి వచ్చింది. గవర్నరు థామస్ హచిన్సన్, జాన్ హాంకాక్ అందులో ఉన్నారు. గ్రంథం 1773లో లండనులో అచ్చయింది. హంటింగ్డన్ ప్రభుపత్నికి అంకితమైంది. ఆ సంవత్సరమే ఆమెకు దాస్యవిముక్తి కలిగింది.

విముక్తి కలిగిన వెంటనే, 1773 అక్టోబరులో, ఆమె న్యూహేవెన్‌లోని డేవిడ్ వూస్టరుకు వ్రాసిన జాబు ఈ వ్యాసానికి మకుటాయమానం. తన గ్రంథానికి అక్కడ చందాదారులను కూర్చవలసిందని కోరింది. అక్కడి ముద్రాపకులు అనుమతి లేకుండ దానిని తిరిగి అచ్చువేయకుండ చూడమని కూడ కోరింది. కారణం దాచలేదు: ఇప్పుడు నా కాళ్ల మీద నేను నిలబడ్డాను, ఈ పుస్తకం మీద వచ్చేది నాదే, నాకున్న ముఖ్యాధారం ఇదే అన్న భావంతో వ్రాసింది. మేము చదివిన ప్రాపక లేఖలలో క్షమాపణల దొంతర లేనిది ఇదొక్కటే. జాలి కోరలేదు, సేవలు ఏకరువు పెట్టలేదు. తన సొత్తును కాపాడుకోవడానికి సాయం అడిగింది. మొన్నటిదాకా తానే ఇంకొకరి సొత్తుగా లెక్కకు వచ్చిన మనిషి ఈ మాట వ్రాస్తున్నదని జ్ఞాపకం పెట్టుకొని ఆ జాబును చదవాలి.

1775 అక్టోబరులో ఆమె జనరల్ వాషింగ్టన్‌కు ఒక కవితను జతపరచి జాబు పంపింది. 1776 ఫిబ్రవరి 28న అతడు మర్యాదతో ప్రత్యుత్తరమిచ్చి, కేంబ్రిడ్జి వస్తే తన శిబిరానికి రావలసిందని ఆహ్వానించాడు. వందల మంది బానిసలు గల వర్జీనియా భూస్వామి ఒక నల్లజాతి కవయిత్రికి అట్లా వ్రాయడం ఆనాడు సామాన్య విషయం కాదు. అయితే మర్యాద వేరు, పోషణ వేరు. 1779లో రెండవ సంపుటికి చందాలు కోరుతూ ఆమె ప్రకటన వెలువరించింది. యుద్ధకాలంలో చాలినంత మంది ముందుకు రాలేదు. 1784లో ఆమె దారిద్ర్యంలో మరణించింది. ఆ రెండవ సంపుటి అచ్చు కాలేదు.

1789లో కొత్త రాజ్యాంగం అమలులోకి వచ్చింది. రేవులకు కలెక్టర్లు, జిల్లాలకు న్యాయవాదులు, మార్షళ్లు కావాలి. వాషింగ్టన్ ఇంకా ప్రమాణ స్వీకారం చేయకముందే మౌంట్ వెర్నన్ ఇంటికి జాబుల వాన మొదలైంది. స్వాతంత్ర్య ప్రకటనపై సంతకం చేసినవాడూ, వర్జీనియాకు గవర్నరుగా పనిచేసినవాడూ అయిన బెంజమిన్ హారిసన్ కూడ ఒక ఉద్యోగం కోరాడు. ఏ వాగ్దానమూ లేకుండ, ఎవరికీ ఆశ కూడ కల్పించకుండ పదవిలో ప్రవేశించదలచుకొన్నానని వాషింగ్టన్ మార్చి నెలలో అతనికి ప్రత్యుత్తరం వ్రాశాడు. అన్నకొడుకు కాకపోయినా తమ్ముని కొడుకైన బుష్‌రాడ్ వాషింగ్టన్ జూలైలో వర్జీనియా జిల్లా న్యాయవాది పదవి అడిగాడు. నీకంటె అనుభవజ్ఞులు ఉన్నారనీ, లోకమంతా వేయి కన్నులతో నన్ను చూస్తున్నదనీ చెప్పి పెదతండ్రి ఇవ్వలేదు. ఆ బుష్‌రాడ్‌నే 1798లో అధ్యక్షుడు జాన్ ఆడమ్స్ సుప్రీంకోర్టు న్యాయమూర్తిగా నియమించాడు.

ఆడమ్స్ ప్రసక్తి వచ్చింది గనుక మెర్సీ ఓటిస్ వారెన్ జాబును చెప్పకుండ ఉండలేము. ఆమె కవయిత్రి, నాటకకర్త్రి, ఆడమ్స్ కుటుంబానికి చిరకాల మిత్రురాలు. 1789 మే నెలలో, ఉపాధ్యక్షుడైన ఆడమ్స్‌కు తన భర్తనూ కొడుకులనూ మరువవద్దని వ్రాసింది. ఆయన జవాబు చలిగాలి వంటిది: నా చేతిలో పదవులు లేవు, ఉన్నా ప్రజాప్రయోజనం అడ్డువస్తే మీ పిల్లలకే కాదు నా పిల్లలకూ దొరకవు. న్యాయమైన మాటే. కాని పాత స్నేహానికి అక్కడ గాటు పడింది. 1797లో అదే ఆడమ్స్ అధ్యక్షుడై తన కుమారుడు జాన్ క్విన్సీని ప్రష్యాకు రాయబారిగా పంపాడు. యోగ్యుడైన కుమారుడు, పంపమని వాషింగ్టన్ కూడ సలహా ఇచ్చాడు. అయినా వారెన్ దంపతులు ఆ వార్తను ఏ మనసుతో విని ఉంటారో చెప్పనవసరం లేదు.

నిష్పక్షపాతం అన్నివేళలా న్యాయమే కాదనడానికి మేరీ కాథరిన్ గొడ్డర్డ్ అర్జీయే సాక్ష్యం. ఆమె బాల్టిమోరులో పత్రిక నడిపిన ముద్రాపకురాలు. సంతకాలు చేసినవారి పేర్లతో స్వాతంత్ర్య ప్రకటనను మొదటిసారి, 1777 జనవరిలో, అచ్చువేసినది ఆమె. సంతకందారులు దొరికితే ఉరి తప్పని రోజులలో ఆ పత్రం అడుగున ఆమె తన పూర్తి పేరు వేసుకొంది. 1775 నుండి బాల్టిమోరు పోస్టుమాస్టరు కూడ ఆమెయే. యుద్ధకాలంలో తపాలా గుర్రపు రౌతులకు తన స్వంత నాణేలు చెల్లించి పని ఆగకుండ చూసింది.

1789 అక్టోబరులో ఆమెను తొలగించారు. ఆ ఉద్యోగానికి ఇకపై ప్రయాణాలు ఎక్కువ చేయవలసి ఉంటుందనీ, స్త్రీకి అది సాధ్యం కాదనీ తపాలాశాఖ చెప్పిన కారణం. బాల్టిమోరు వర్తకులూ పురప్రముఖులూ రెండువందల మందికి పైగా ఆమె పక్షాన సంతకాలు చేశారు. పోస్టుమాస్టరు జనరల్ శామ్యూల్ ఆస్‌గుడ్ చలించలేదు. డిసెంబరులో ఆమె అధ్యక్షుడు వాషింగ్టన్‌కు అర్జీ పంపింది. తన పదునాలుగేళ్ల సేవ, తాను పెట్టిన ఖర్చు, ఏ తప్పూ మోపకుండ తనను తీసివేసిన తీరు అందులో వివరించింది. తన శాఖలోని నియామకాలలో తప్ప ఇతర అధికారుల నియామకాలలో జోక్యం చేసుకోవడం లేదని 1790 జనవరిలో అధ్యక్షుని జవాబు. బుష్‌రాడ్‌కు చెప్పిన జవాబూ ఈమెకు చెప్పిన జవాబూ ఒకే నియమం నుండి వచ్చాయి. మొదటిది పక్షపాతాన్ని ఆపింది. రెండవది పక్షపాతాన్ని కదలకుండ నిలబెట్టింది. సెనెటుకు కూడ విన్నవించుకొంది, ఫలితం లేదు. ఆ పిమ్మట ఆమె పుస్తకాల దుకాణం నడుపుకొని 1816లో కన్నుమూసింది.

జెఫర్సన్ 1801లో అధికారానికి వచ్చినప్పుడు జాబుల వాన తగ్గలేదు సరికదా, ఇప్పుడు పార్టీ లెక్కలు కూడ చేరాయి. తన బంధువు జార్జి జెఫర్సన్‌కు ఒక జాబులో, బంధువును నియమిస్తే యోగ్యతను చూసి నియమించారని ప్రజలు ఎన్నటికీ నమ్మరని వ్రాశాడు. 1809 మార్చిలో పదవి విడిచి ఇంటికి వెళ్తూ అతడు చేసిన పని మాకు మిక్కిలి నచ్చింది. కొత్త అధ్యక్షుడు మాడిసన్ తన ప్రియమిత్రుడు గనుక, ఆయనతో ఒక మాట చెప్పమని అందరూ తనకే వ్రాస్తారని ముందుగానే గ్రహించాడు. అట్లా చెప్పడం మొదలుపెడితే తాను మిత్రుని స్థానం నుండి విసిగించే యాచకుని స్థానానికి దిగిపోతానని ఒక జవాబు కూర్చి, దానిని అచ్చువేయించి సిద్ధంగా ఉంచుకొన్నాడు. జాబు వచ్చినప్పుడల్లా అచ్చుకాగితం ఒకటి పంపేవాడు. ఫ్రాంక్లిన్ ముప్పై యేండ్లకు పైగా ముందు పరిహాసంగా చేసినదానిని ఇతడు నిజంగానే చేశాడన్నమాట.

ఆండ్రూ జాక్సన్ 1829లో అధ్యక్షుడైన తరువాత, గెలిచిన పార్టీకి ఉద్యోగాలు పంచిపెట్టడం బాహాటమైన పద్ధతిగా మారింది. వ్యక్తిగత ప్రాపకం పార్టీ ప్రాపకమయింది. జాబులు మాత్రం ఆగలేదు. 1881లో చార్లెస్ గిటో అనే వ్యక్తి పారిస్ నగరంలో కాన్సలు పదవి తనకు రావలసినదని నమ్మి అధ్యక్షుడు గార్‌ఫీల్డ్‌కూ, విదేశాంగ మంత్రి బ్లెయిన్‌కూ జాబు మీద జాబు వ్రాశాడు. పదవి రాకపోగా, జూలై 2న వాషింగ్టన్ రైలుస్టేషనులో అధ్యక్షునిపై కాల్పులు జరిపాడు. సెప్టెంబరు 19న గార్‌ఫీల్డ్ మరణించాడు. మతి చలించినవాని పని అది. అయినా దేశం ఉద్యోగార్థుల వ్యవస్థనే దోషిగా చూసింది.

1883 జనవరిలో పెండిల్‌టన్ చట్టం ఆమోదం పొందింది. కొన్ని తరగతుల ప్రభుత్వోద్యోగాలకు పోటీ పరీక్షలు పెట్టారు. మన విద్యార్థులు ఆ చట్టంలోని పదవ సెక్షనును చదవాలని కోరుతున్నాము. ఆ ఉద్యోగాలకు అర్జీ పెట్టిన వ్యక్తిని గురించి సెనెటరుగాని, ప్రతినిధి సభ సభ్యుడుగాని సిఫారసు చేస్తే, పరీక్షాధికారులు దానిని స్వీకరించరాదు, పరిశీలించరాదు. రెండు విషయాలకు మాత్రమే మినహాయింపు ఇచ్చారు: అర్జీదారుని నడవడి, అతని నివాసస్థలం.